1-బీలో అమ్మినాయన కొడుకుల పేర్లు వచ్చాయి, భూమి మాది కాకుండా పోతుందా?

విశాఖ జిల్లా ఆనందపురం వైపు మీ నాన్నగారు 1994లో ఎకరం కొన్నారు. రిజిస్టర్డ్ దస్తావేజు ఉంది. ఇప్పుడు ప్రభుత్వ భూ రికార్డుల వెబ్‌సైటు మీభూమిలో 1-బీ, అంటే ఏ భూమి ఎవరి పేరున ఉందో చూపే రెవెన్యూ రికార్డు, తీస్తే అమ్మినాయన కొడుకుల పేర్లు కనిపిస్తున్నాయి, వాళ్లు భూమి తమదే అంటున్నారు. ఇదే కదండీ మీ సమస్య. ముందు టెన్షన్ పడకండి. పట్టాదారు పాసుపుస్తకాల చట్టం, 1971 ప్రకారం రికార్డులో ఉన్న పేరును తప్పని రుజువయ్యే వరకే నిజమనుకుంటారు. మ్యుటేషన్, అంటే రికార్డులో పేరు మార్చడం, దానివల్ల హక్కు పుట్టదని సుప్రీంకోర్టు ఎన్నోసార్లు చెప్పింది. మీకు హక్కు ఇచ్చేది దస్తావేజు.

మా మేనమామగారి భూమి విషయంలోనూ అచ్చం ఇలాగే జరిగింది. ఆయన కొన్నది పెద్ద సర్వే నంబరులో ఒక ముక్క. జీడితోట వేసి ఏళ్ల తరబడి అనుభవించారు. సబ్‌డివిజన్, అంటే ఆ ముక్కకు విడిగా నంబరు ఇవ్వడం, మాత్రం జరగలేదు. దాంతో విస్తీర్ణమంతా అమ్మినాయన ఖాతాలోనే ఉండిపోయింది. ఆయన పోయాక కొడుకులు వారసత్వం కింద పేర్లు మార్పించుకున్నారు. తండ్రి అందులో కొంత ఎప్పుడో అమ్మేశాడన్న సంగతి రెవెన్యూ కాగితాల్లో లేదు మరి! మీ కేసులోనూ ఇదే జరిగి ఉంటుందని నా అనుమానం.

అందుకని ఆఫీసుకు పరిగెత్తే ముందు కాగితాలు పోగుచేయండి. ఈసీ, అంటే ఆ భూమి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరాలు చూపే పత్రం, తీయండి. 1983 నుంచి ఆన్‌లైన్‌లోనే వస్తుంది, అంతకు ముందుది సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో వెతికించాలి. అమ్మినాయనకు ఆ భూమి ఎలా వచ్చిందో చెప్పే లింకు దస్తావేజుల సర్టిఫైడ్ కాపీలు తీసుకోండి. ఆ తర్వాత ఎస్‌ఎఫ్‌ఏ, అంటే సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్. దీన్ని మాత్రం వదలకండి. మన జిల్లాలో చాలా ఊళ్లు ఒకప్పుడు జమీందారీ, ఇనాం గ్రామాలు. 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత జరిగిన సెటిల్‌మెంట్‌లో ఏ నంబరు జిరాయితీ (ప్రైవేటు పట్టా భూమి), ఏది ప్రభుత్వానిది అన్నది అందులో రాశారు. మీది జిరాయితీ అని తేలితే సగం భయం పోతుంది. డీ-పట్టా భూమి, అంటే ప్రభుత్వం పేదలకు ఇచ్చిన భూమి, అయితే మాత్రం కథ వేరు. అలాంటి భూముల బదిలీని నిషేధించిన 1977 చట్టం కింద అసలు ఆ అమ్మకమే చెల్లకపోవచ్చు. రిజిస్ట్రేషన్లు చేయకూడని భూముల 22-ఏ నిషేధిత జాబితాలో మీ నంబరు ఉందేమో కూడా చూడండి.

"రికార్డు దొరకడం లేదు" అంటే ఊరుకోకండి. మాకూ అలాగే చెప్పారు. సమాచార హక్కు చట్టం కింద కాగితం పెడితే 30 రోజుల్లో రాతపూర్వకంగా జవాబు ఇవ్వాల్సిందే. మాకు ఎస్‌ఎఫ్‌ఏ నకలు ఆ దారిలోనే దొరికింది. విశాఖ భూముల రికార్డుల తారుమారుపై 2017లో ప్రభుత్వం సిట్ (ప్రత్యేక దర్యాప్తు బృందం) వేయాల్సి వచ్చింది. అలాంటి చోట సర్టిఫైడ్ నకలు మన చేతిలో ఉండాలండీ.

ఇవన్నీ జతచేసి సవరణ కోసం తహసీల్దారుకు దరఖాస్తు పెట్టి రసీదు తీసుకోండి. నోటిమాట వద్దు, కారణాలతో ఉత్తర్వు అడగండి. కాదంటే, ఉత్తర్వు అందిన 60 రోజుల్లో ఆర్డీఓకు అప్పీలు చేయవచ్చు.

అయితే నాకు ఎక్కువ భయం వేసేది ఇంకొకటి. 1-బీ చూపించి వాళ్లు ఆ భూమిని మూడో మనిషికి అమ్మితే? దస్తావేజు ఎవరిది నిజమో తేల్చడం సబ్‌రిజిస్ట్రార్ పని కాదు. పోలీసులు కూడా సివిల్ తగాదా అనేస్తారు. కాబట్టి రెవెన్యూ దరఖాస్తు తేలే దాకా ఆగకుండా సివిల్ లాయర్‌ని కలవండి. భూమి మీదేనని కోర్టు చేసే హక్కు ప్రకటన, వాళ్లు అడ్డుపడకుండా ఆపే ఇంజంక్షన్ కోరుతూ దావా వేసే సంగతి మాట్లాడండి. ఆ భూమి మీద దావా నడుస్తుండగా కొన్నవాళ్లకు కూడా తీర్పు వర్తిస్తుంది. హక్కు ప్రకటనకు గడువు మూడేళ్లే. వాళ్లు మీ హక్కును మొదటిసారి కాదన్నది ఎప్పుడో తేదీతో సహా లాయర్‌కి చెప్పండి.

ఈలోగా భూమిని ఖాళీగా వదలొద్దు. కంచె వేయించండి, సాగు చేయండి, ఫోటోలు తీసి ఉంచండి. రీసర్వే నోటీసు వస్తే హద్దులు చూపించే రోజున మీరే స్వయంగా పొలంలో ఉండండి. నాన్నగారు రాగలిగితే ఆయన్నీ తీసుకెళ్లండి, పాత గట్లు ఆయనకే బాగా తెలుస్తాయి.