పాఠకుల ప్రశ్నలు – మా జవాబులు: ఇండియానా హైస్కూళ్ల కాన్ఫరెన్స్

ప్రశ్న: మా మనవడు అమెరికాలోని ఇండియానా రాష్ట్రంలో, లఫాయెట్ పట్టణం పక్కనున్న హారిసన్ హైస్కూల్లో చదువుతూ బాస్కెట్‌బాల్ ఆడుతున్నాడు. ఫోన్ చేసినప్పుడల్లా “ఈసారి కాన్ఫరెన్స్ మాదే తాతయ్యా” అంటాడు. కాన్ఫరెన్స్ గెలిస్తే రాష్ట్రస్థాయి పోటీలకు వెళ్లినట్టేనా? దీన్ని నడిపేది ప్రభుత్వమా?

జవాబు: రెండింటికీ కాదనే చెప్పాలి. మీ మనవడు చెబుతున్నది నార్త్ సెంట్రల్ కాన్ఫరెన్స్ గురించి. రాష్ట్రం మొత్తం మీద హైస్కూలు క్రీడలకు నియమాలు పెట్టి, ఆటగాళ్ల అర్హతలు నిర్ణయించి, రాష్ట్ర టోర్నమెంటును నడిపే సంస్థ వేరే ఉంది. 1903లో ఏర్పడిన ఆ సంస్థ పేరు ఇండియానా హైస్కూల్ అథ్లెటిక్ అసోసియేషన్. బాస్కెట్‌బాల్‌లో సెక్షనల్, రీజనల్, సెమీస్టేట్ అనే మెట్లు ఎక్కితే గాని రాష్ట్ర ఫైనల్ రాదు. ఏ బడి ఏ సెక్షనల్లో ఆడాలన్నది విద్యార్థుల సంఖ్యనూ ఊళ్ల మధ్య దూరాన్నీ చూసి అసోసియేషనే నిర్ణయిస్తుంది. సీజన్ అంతా ఓడిన జట్టుకు కూడా సెక్షనల్లో చోటుంటుంది, కాన్ఫరెన్స్ గెలిచిన జట్టు అక్కడ మొదటి ఆటలోనే ఓడి ఇంటిదారి పట్టవచ్చు.

కాన్ఫరెన్స్ అంటే కొన్ని బడులు తమంతట తాము కలిసి చేసుకున్న ఒప్పందం. ఏటా తప్పకుండా ఒకరితో ఒకరు ఆడతామని, ఒకరి మైదానానికి ఒకరు వస్తామని, ఆ ఆటల ఫలితాలను బట్టి ఒక విజేతను ఎంచుకుంటామని అవి మాట ఇచ్చుకుంటాయి. టోర్నమెంటులో ఒక్క రాత్రి ఆట చెడితే అంతా అయిపోతుంది, కాన్ఫరెన్స్ విజేతగా నిలవాలంటే మాత్రం వారాల తరబడి నిలకడగా ఆడాలి. అందుకే మీ మనవడి మాటను తేలిగ్గా తీసుకోవద్దని నా మనవి.

ప్రశ్న: ఈ నార్త్ సెంట్రల్ కాన్ఫరెన్స్ ఎప్పటిది? ఇందులో ఏయే ఊళ్ల బడులున్నాయి? అక్కడి వారు దీన్ని అంత గొప్పగా ఎందుకు చెప్పుకుంటారు?

జవాబు: ఈ కాన్ఫరెన్స్ 1926లో ఏర్పడింది. దాని పుట్టుక అర్థం కావాలంటే ముందు ఆ ఊళ్లను చూడాలి. 1880ల చివర మధ్య ఇండియానాలో భూమి అడుగున సహజవాయువు పెద్ద ఎత్తున బయటపడింది. చౌకగా దొరికే ఆ ఇంధనం కోసం గాజు కర్మాగారాలు, ఇతర పరిశ్రమలు వచ్చి చేరడంతో మన్సీ, ఆండర్సన్, మేరియన్, కొకోమో వంటి చిన్న ఊళ్లు కొద్ది సంవత్సరాల్లోనే పట్టణాలయ్యాయి. గాజు సీసాలకు పేరుపడ్డ బాల్ సోదరులు మన్సీకి తరలివచ్చింది ఆ రోజుల్లోనే. ఎల్‌వుడ్ హేన్స్ తన మోటారు వాహనాన్ని 1894లో నడిపి చూపింది కొకోమోలో. వాయువు అయిపోయిన తరువాత మోటారు పరిశ్రమ ఆ ఊళ్లను నిలబెట్టింది. ఈ విధంగా ఇంచుమించు ఒకే పరిమాణంలో, ఒకే రకమైన జీవనంతో, రైలులోనో కారులోనో వెళ్లి ఆడి రాగలిగినంత దూరంలో పెరిగిన పట్టణాల బడులు ఒక కూటమిగా ఏర్పడ్డాయి.

వాటి బలం ఎంతటిదో తెలియాలంటే రాష్ట్ర బాస్కెట్‌బాల్ విజేతల పట్టికలో 1928 నుంచి 1939 వరకు చూడండి. ఆ పన్నెండు సంవత్సరాల్లో తొమ్మిది సార్లు విజేతలుగా నిలిచినవి మన్సీ సెంట్రల్, ఫ్రాంక్‌ఫర్ట్, న్యూ క్యాజిల్, లోగన్స్‌పోర్ట్, ఆండర్సన్ బడులే, అంటే ఈ కూటమి ఊళ్లే. 1928 ఫైనల్లో మన్సీ సెంట్రల్ 13–12 తేడాతో ఓడించిన మార్టిన్స్‌విల్ జట్టులో జాన్ వుడెన్ ఆడాడు. తరువాతి కాలంలో లాస్ ఏంజెలిస్‌లోని యూసీఎల్‌ఏ విశ్వవిద్యాలయ జట్టు శిక్షకుడిగా పదిసార్లు జాతీయ విజేతగా నిలిచింది ఆయనే. ఫ్రాంక్‌ఫర్ట్‌ను నాలుగు సార్లు (1925, 1929, 1936, 1939) గెలిపించిన ఎవరెట్ కేస్ ఆ తరువాత నార్త్ కెరొలైనా స్టేట్ విశ్వవిద్యాలయానికి వెళ్లి, అక్కడా ఈ ఆటకు పునాది వేశాడు. ఇంకా దగ్గరి కాలానికి వస్తే మేరియన్ 1985, 1986, 1987లలో వరుసగా మూడుసార్లు గెలిచింది. అంతకుముందు ఆ ఘనత 1920–22లో ఫ్రాంక్లిన్ ఒక్కదానికే దక్కింది. 1992 ఫైనల్లో తలపడిన ఇద్దరూ ఈ కాన్ఫరెన్స్ వారే. అదనపు సమయం దాకా సాగిన ఆ ఆటలో రిచ్‌మండ్ 77–73తో లఫాయెట్ జెఫర్సన్‌ను ఓడించింది.

సభ్యుల విషయానికి వస్తే, 2015లో జరిగిన మార్పు తరువాత ఈ కూటమిలో ఆండర్సన్, కొకోమో, లఫాయెట్ జెఫర్సన్, లోగన్స్‌పోర్ట్, మేరియన్, మన్సీ సెంట్రల్, రిచ్‌మండ్, ఇండియానాపొలిస్‌లోని ఆర్సెనల్ టెక్, లఫాయెట్ పరిసరాల్లోని హారిసన్, మెకచన్ కలిపి పది బడులు మిగిలాయి. ఒహాయో సరిహద్దును ఆనుకొని ఉన్న రిచ్‌మండ్ నుంచి పడమట లఫాయెట్ దాకా, రాష్ట్రం అడ్డకొలతలో చాలా భాగం ఈ పేర్లలోనే ఉంది.

ప్రశ్న: న్యూ క్యాజిల్, ఫ్రాంక్‌ఫర్ట్ అంత గొప్ప పేర్లైతే సభ్యుల జాబితాలో ఎందుకు లేవు? బడులు ఒక కాన్ఫరెన్స్ విడిచి మరొకదానికి ఎందుకు వెళ్తాయి?

జవాబు: ఈ ప్రశ్న అడిగినందుకు ప్రత్యేకంగా కృతజ్ఞతలు, ఎందుకంటే కాన్ఫరెన్స్ సభ్యత్వంలో ఆ ఊళ్ల ఆర్థిక చరిత్ర కూడా కనిపిస్తుంది.

న్యూ క్యాజిల్ 1959లో కట్టిన ఫీల్డ్‌హౌస్ తొమ్మిది వేలకు పైగా ప్రేక్షకులు కూర్చునేలా ఉండి, హైస్కూలు వ్యాయామశాలల్లో ప్రపంచంలోనే అతి పెద్దదిగా పేరు పొందింది. ఆ ఊరికి క్రైస్లర్ కార్ల కంపెనీ కర్మాగారమే ఆధారం కావడంతో బడికి కూడా చాలాకాలం క్రైస్లర్ పేరే ఉండేది. ఈ శతాబ్ది మొదట్లో కర్మాగారం మూతపడింది. పనులు పోయినప్పుడు కుటుంబాలు కదులుతాయి, పిల్లలు తగ్గుతారు. విద్యార్థులు తగ్గిన బడి తనకంటే బాగా పెద్ద బడులతో ఫుట్‌బాల్, రెజ్లింగ్, ఈత వంటి అన్ని ఆటల్లోనూ ఏటా తలపడడం కష్టమవుతుంది, ఎందుకంటే బాస్కెట్‌బాల్‌కు ఐదుగురు మంచి ఆటగాళ్లు దొరికితే సరిపోవచ్చు గాని ఫుట్‌బాల్‌కు పెద్ద బలగమే కావాలి. 2013లో న్యూ క్యాజిల్ ఈ కాన్ఫరెన్స్ విడిచి హూజియర్ హెరిటేజ్ కాన్ఫరెన్స్‌లో చేరింది. ఫ్రాంక్‌ఫర్ట్ అంతకంటే ఎంతో ముందే వెళ్లిపోయింది, ఇప్పుడది సేగమోర్ కాన్ఫరెన్స్ సభ్యురాలు. హంటింగ్‌టన్ నార్త్ 2015లో కొత్తగా ఏర్పడిన నార్త్ ఈస్ట్ ఎయిట్‌కు తరలింది.

అందులోనే కొనసాగిన ఆండర్సన్ కథ మరింత బాధాకరం. జనరల్ మోటార్స్ కర్మాగారాలు నిండుగా నడిచిన కాలంలో ఆ ఊరిలో మూడు ప్రభుత్వ హైస్కూళ్లుండేవి. మ్యాడిసన్ హైట్స్ 1997లో, హైలాండ్ 2010లో విలీనమై చివరకు ఒక్కటే మిగిలింది. సుమారు తొమ్మిది వేల సీట్లున్న విగ్వామ్ అనే ప్రసిద్ధ వ్యాయామశాలను 2011లో ఖర్చు భరించలేక మూసివేశారు. మూడు బడులు ఒక్కటిగా కుదించుకుపోయాయంటే ఊరు ఎంత కోల్పోయిందో ఊహించవచ్చు.

కొత్తవారు చేరడానికి భౌగోళికమే తరచుగా కారణమవుతుంది. హారిసన్, మెకచన్ 2014లో చేరడంతో, ఒకే టిప్పెకనూ కౌంటీలో ఉన్న ఆ రెండు బడులూ లఫాయెట్ జెఫర్సన్‌తో ఒకే కూటమిలో నిలిచాయి. పక్కపక్కనే ఉన్నవారు పరస్పరం ఆడితే బస్సు ఖర్చు తగ్గుతుంది, పిల్లలు వారం మధ్యలో అర్ధరాత్రి ఇల్లు చేరే బాధ తప్పుతుంది, గ్యాలరీలు నిండుతాయి. సభ్యుల సంఖ్యకు కూడా లెక్క ఉంది. ఇండియానాలో ఫుట్‌బాల్ సీజన్ తొమ్మిది ఆటలది. ఎనిమిది బడులున్న కూటమిలో ఒక్కొక్క జట్టుకు ఏడు ఆటలే దొరుకుతాయి, మిగిలిన రెండు వారాలకు బయటివారిని వెతుక్కోవాలి. శరదృతువు నడుమ, అందరూ తమ తమ కాన్ఫరెన్స్ ఆటల్లో ఉండగా, ఖాళీగా ఉన్న జట్టు దొరకడం అంత సులభం కాదు. ఏ కాన్ఫరెన్స్‌లోనూ చోటు లేని బడి కష్టం ఇక్కడే తెలుస్తుంది.

ప్రశ్న: ఇటువంటి కూటముల్లో చేరే అవకాశం అన్ని బడులకూ ఉండేదా? నల్లజాతి విద్యార్థుల బడుల సంగతి ఏమిటి?

జవాబు: ఉండేది కాదు. దీన్ని దాటవేస్తే చరిత్ర చెప్పినట్టు కాదు. ఇండియానాపొలిస్‌లో నల్లజాతి విద్యార్థుల కోసం 1927లో క్రిస్పస్ అటక్స్ హైస్కూలును తెరిచారు. అయితే 1942 వరకు నల్లజాతి బడులకూ, క్యాథలిక్ తదితర మతసంస్థల బడులకూ రాష్ట్ర అసోసియేషన్‌లో పూర్తి సభ్యత్వం ఇవ్వలేదు. సభ్యత్వం లేని బడితో ఆడడానికి చుట్టుపక్కల బడులు ముందుకు రాలేదు. సొంత నగరంలో ప్రత్యర్థులు దొరకక అటక్స్ పిల్లలు దూరాలకు, ఇతర రాష్ట్రాలకు సైతం ప్రయాణించి ఆడవలసి వచ్చింది. కాన్ఫరెన్స్ వల్ల కలిగే మేలు ఏమిటని నన్నెవరైనా అడిగితే, అది లేక అటక్స్ పడిన ఇక్కట్లనే ముందు గుర్తుచేస్తాను: ఎవరితో ఆడాలో తెలిసిన ఒక సీజన్, తిరిగి వస్తామని మాటిచ్చిన ప్రత్యర్థి, అంతకుమించి సమానుడిగా గుర్తింపు.

తలుపు తెరుచుకున్న పదమూడేళ్లకు, 1955లో, తరువాత ప్రఖ్యాత బాస్కెట్‌బాల్ ఆటగాడైన ఆస్కార్ రాబర్ట్‌సన్ ఆడిన అటక్స్ జట్టు ఫైనల్లో మరో నల్లజాతి బడి గ్యారీ రూజ్‌వెల్ట్‌ను 97–74తో ఓడించి రాష్ట్ర విజేత అయింది. మరుసటి సంవత్సరం ఒక్క ఆట కూడా ఓడకుండా మళ్లీ గెలిచింది, ఇండియానాలో ఆ విధంగా గెలిచిన తొలి జట్టు అదే. 1956 ఫైనల్లో 79–57తో ఓడింది లఫాయెట్ జెఫర్సన్, నార్త్ సెంట్రల్ కాన్ఫరెన్స్‌లోని అగ్రశ్రేణి బడుల్లో ఒకటి.

ప్రశ్న: చిన్న ఊరి బడి పెద్ద కాన్ఫరెన్స్ బడిని ఎప్పుడైనా ఓడించిందా?

జవాబు: ఓడించింది. 1997 దాకా ఇండియానా బాస్కెట్‌బాల్‌లో చిన్నాపెద్దా తేడా లేకుండా అన్ని బడులకూ ఒకే టోర్నమెంటు ఉండేది. విద్యార్థుల సంఖ్యను బట్టి నాలుగు తరగతులుగా విడదీసింది ఆ తరువాతి సీజన్ నుంచే. 1954 మార్చి 20న బట్లర్ ఫీల్డ్‌హౌస్‌లో, 161 మంది విద్యార్థులున్న మైలన్ బడి ఫైనల్లో మన్సీ సెంట్రల్‌ను ఎదుర్కొంది. చివరి భాగంలో మైలన్ ఆటగాడు బాబీ ప్లంప్ నాలుగు నిమిషాలకు పైగా బంతిని చేతుల్లోనే పట్టుకొని నిలబడ్డాడు. చివరి క్షణాల్లో అతడే వేసిన బుట్టతో మైలన్ 32–30 తేడాతో గెలిచింది.