నియాన్ లైట్లు ఎక్కడ చూశావయ్యా?

చిరంజీవికి,

నీ వ్యాసం అందింది. జపాన్ సినిమా ‘తెత్సువో’ గురించి మొదలుపెట్టి రెండో పేరాలోనే ‘నియాన్ వెలుగుల టోక్యో’ అన్నావు. అక్కడే కాఫీ పక్కన పెట్టేశాను. షిన్యా త్సుకమోతో 1989లో తీసిన ఆ 67 నిమిషాల సినిమా అంతా బ్లాక్ అండ్ వైట్ కదయ్యా! చూసి రాశావా, విని రాశావా?

చూశావులే. గడ్డం గీసుకునే సీన్ దగ్గర నీకు తెలియకుండానే చెంప తడుముకున్నానన్నావు. నేను రెండుసార్లు చదివిన వాక్యం అదొక్కటే. దాన్ని అక్కడే వదిలేసి మూడు పేజీలు ‘పరాయీకరణ’, ‘యాంత్రిక నాగరికత’ అంటూ దంచావు. ఆ మాటలు ఏ సినిమాకైనా అతుకుతాయి.

నగరం గురించి రాయాలంటే ముందు గది గురించి రాయి. ముప్పై ఏళ్లుగా నేను మొత్తుకునేది ఇదే. ‘తెత్సువో’లో ఆ ఉద్యోగి అద్దం ముందు నిలబడతాడు. చెంపలోంచి సన్నటి ఇనుప ముల్లు. ముట్టుకుంటే రక్తం చిమ్ముతుంది. ఏం చేస్తాడు? ప్లాస్టర్ అంటించుకుని స్టేషన్‌కి వెళ్తాడు. లీవ్ పెట్టడు! ఇది రాయవేం? సినిమాలో చాలా భాగం అందులో నటించిన కెయ్ ఫుజివారా ఇంట్లోనే, 16 ఎంఎం కెమెరాతో తీశారు. డబ్బుల్లేని ఆ ఇరుకే తెరమీద మనకి ఊపిరాడనివ్వదు.

నువ్వు రాసిన ఇంకో సినిమా, కియోషి కురొసావా 2001లో తీసిన ‘కైరో’లో దయ్యాలు ఇంటర్నెట్‌లోంచి వస్తాయి, సరే. నన్ను నిద్రపోనివ్వనిది మాత్రం తలుపు సందుల చుట్టూ అంటించిన ఎర్ర టేపు. (ఆ కియోషి, ‘సెవెన్ సమురాయ్’ తీసిన అకిరా కురొసావాకి కొడుకూ కాదు, బంధువూ కాదు. అదీ దిద్దుకో.)

నీ వయసులో నేనూ ఒక వారపత్రికకి జపాన్ సినిమాల మీద రాశాను. అద్దె వీసీఆర్, గదిలో ముగ్గురం, సౌండ్‌కి ఓనరు వచ్చి తలుపు బాదడం, అన్నీ పెట్టాను. ఎడిటరుగారు అవన్నీ కొట్టేసి ‘అస్తిత్వ వేదన’ అని సొంత కవిత్వం చేర్చారు. అచ్చయ్యాక మా అమ్మ చదివి, “ఇది నువ్వు రాసింది కాదురా” అంది. డబ్బులూ రాలేదనుకో, అది వేరే కథ.

ఏ పత్రికకి పంపాలని అడిగావు. తర్వాత చూద్దాం. నీ కాగితాలు తిప్పి పంపుతున్నాను. ‘నియాన్’ అన్న చోటల్లా పెన్సిల్‌తో సున్నా చుట్టాను. ఆరున్నాయి.