కెమెరా ముందు నిలబడబోయే చెల్లెమ్మకు

చిరంజీవి చెల్లెమ్మకు, ఆశీస్సులు.

నీవు పంపిన వీడియోను రెండుసార్లు చూశాను. దారిన పోయేవారికి ఒక కుర్చీ ఇచ్చి, కూర్చోవడం తప్ప దానితో మరేదైనా చేయమని అడగడం చక్కని ఆలోచన. అయితే అందరి చేతా కుర్చీ మోయించిన నీవు దానిని ఒక్కసారైనా ముట్టుకోలేదు. పక్కన నిలబడి నవ్వుతూ ఉన్నావు. చూసేవారికి అది ఆటలా కాక, పరీక్ష పెట్టినట్లు కనిపిస్తుంది.

ఆస్ట్రియా శిల్పి ఎర్విన్ వుర్మ్ 1990ల చివరి నుంచి చేస్తున్న ‘ఒక్క నిమిషం శిల్పాలు’ పరిశీలించు. ఒక బకెట్టో, కుర్చీయో ఇచ్చి, దానితో ఎలా నిలబడాలో చిన్న బొమ్మతో, రెండు ముక్కలతో చెబుతాడు. ప్రేక్షకుడు కాసేపు కదలకుండా నిలబడితే అతడే శిల్పమవుతాడు. ఆ వింత భంగిమల్లో తానూ నిలబడ్డాడు. అందుచేత ముందు నీవే చేయి, చేతకాకపోతే ఆ తడబాటును ఎడిటింగులో తీసేయకు. నీ అవస్థ చూశాకనే ఎదుటివారికి బిడియం పోతుంది.

సూచన ఒక్క వాక్యంలో ముగించి, ఆపై నోరు మెదపకు. ఇది నాకు ఆలస్యంగా తెలిసింది. ఒక పెద్దాయన తలపై పుస్తకం నిలుపుతూ, ఊపిరి బిగబట్టి, కనుబొమలు పైకెత్తి నిలబడి ఉండగా నేను ఉత్సాహం ఆపుకోలేక ‘భలే’ అన్నాను. ఆయన చూపు కెమెరా వైపు తిరిగింది, పుస్తకం పడింది, ఆ తరువాత ఆయన ఆడటం మాని నటించడం మొదలుపెట్టారు. ఆ మిగతా ఫుటేజీ దేనికీ పనికిరాలేదు.

హద్దుల సంగతి కూడా ముందే తేల్చుకో. 1964లో జపాన్‌లోని క్యోటోలో కళాకారిణి యోకో ఓనో కత్తెర ముందు పెట్టుకుని వేదికపై కూర్చుని, తన దుస్తులను ప్రేక్షకులు కత్తిరించుకోవడానికి అనుమతించింది. మరుసటి సంవత్సరం న్యూయార్క్ ప్రదర్శనను చిత్రీకరించిన ఫిల్ములో, ఒక యువకుడు హుషారుగా కత్తిరిస్తూ పోతుంటే ఆమె చేతులతో గుండెలు కప్పుకోవడం చూడవచ్చు. ఆమె ఆ ప్రమాదాన్ని తెలిసే తన మీద వేసుకుంది. నీ వీడియోలోకి అనుకోకుండా వచ్చినవారు అలా వేసుకోలేదు. వీడియో ఎక్కడ చూపిస్తావో ముందే చెప్పు, పిల్లలైతే తల్లిదండ్రులను అడుగు, తీసింది వారికి చూపించు, వద్దంటే మొహం ముడుచుకోకుండా తొలగించు.

కుర్చీ వీడియో మళ్లీ తీసి పంపు. ఈసారి మొదటి నిమిషంలో కుర్చీ నీ నెత్తిమీద ఉండాలి.