పెదవి మీద గాయం ఏదీ?

చిరంజీవికి ఆశీస్సులు.

కథ చదివాను. హెడ్‌ఫోన్ తీగ వేలికి చుట్టుకుంటూ, అవతలివాడి వాక్యం ముగిసేదాకా దుబాసి కాచుకునే చోటు బాగుంది. మిగతాది చిరాకు పుట్టించింది, ముఖ్యంగా మొదట్లో నువ్వు తగిలించిన గమనిక. ఇంగ్లీషు రచయిత్రి క్రిస్టీన్ బ్రూక్-రోజ్ నవల 'బిట్వీన్' పద్ధతిలో 'ఉండు' క్రియ లేకుండా రాశావట. దాని కిందనే మూడో వాక్యం: "అతను ఇంకా రాలేదు." 'ఉండు'కి వ్యతిరేక రూపమైన ఆ 'లేదు' ఎవరిదమ్మా?

బ్రూక్-రోజ్ 1968లో ఆ నవల నుంచి ఇంగ్లీషు 'బి' క్రియను మొత్తంగా ఎత్తేసింది. ఇంగ్లీషుకి అది పెద్ద దెబ్బ. "ఆమె దుబాసి" అనడానికే అక్కడ 'ఈజ్' కావాలి. జరుగుతున్న పని చెప్పాలన్నా, కర్మణి ప్రయోగం చెయ్యాలన్నా అదే దిక్కు. ఆ నవల నాయికా దుబాసే. ఫ్రెంచికీ జర్మన్‌కీ మధ్య పెరిగి, విమానాల్లో, హోటళ్లలో, సభల్లో ఊళ్లవాళ్ల మాటలన్నీ తన నోటితో పలికే మనిషికి "నేను ఫలానా" అన్న వాక్యం నిలబడదు. అందుకని ఆ క్రియ పోయింది. సంస్కృతంలో దండి దశకుమారచరితంలో మంత్రగుప్తుడు, పెదవులు కలిస్తేనే పలికే పఫబభమలు లేకుండా తన కథ చెప్తాడు. ఎందుకు? ప్రియురాలు కొరికిన పెదవి మండుతోంది గనక. ముందు గాయం, తర్వాత నిషేధం. ఆ అక్షరాలు లేకుండా రాసిన మన నిరోష్ఠ్యాల్లో చాలావాటికి గాయం ఉండదు, గారడీయే. ఇది నా పాత కోపం, ఇప్పట్లో తగ్గదు.

తెలుగులో "ఆమె దుబాసి" పుట్టుకతోనే క్రియ లేని వాక్యం. అక్కడ నువ్వు వదులుకున్నది సున్నా. మన 'ఉండు' వేరేచోట్ల దాక్కుంటుంది: వస్తున్నాడులో, వస్తోందిలో, రాలేదులో, లేకపోతేలో. అన్నిటికన్నా ముఖ్యం, "నాకు ఇల్లుంది"లో. 1998లో 'నెక్స్ట్' నవల రాసినప్పుడు బ్రూక్-రోజ్, 'నాకు ఫలానాది ఉంది' అని చెప్పే 'హావ్' క్రియను వదిలేసింది, అది లండన్‌లో నిలువనీడ లేనివాళ్ల కథ గనక. మనకి 'హావ్' అసలు లేనే లేదు. ఒక్క 'ఉండు' తీస్తే ఆవిడ రెండు నవలల్లో వదిలిన రెండూ ఒకేసారి పోతాయి. పైగా "ఎక్కడ ఉంటున్నావు?" అన్న మాట కూడా పోతుంది. హోటలు గదుల్లో బతికే నీ దుబాసికి గుచ్చుకోవలసిన ప్రశ్న అదే. నీ కథలో ఎవరూ అడగలేదు, ఆమె తప్పించుకోనూ లేదు.

ఇక పని. 'రాలేదు' తీసి 'రాడు' పెడితే అర్థం మారుతుంది: ఈ పూట రాకపోవడం ఎన్నటికీ రాకపోవడమవుతుంది. 'వస్తున్న' బదులు 'వచ్చే' అంటే ఒక్కసారి జరిగేది రోజూ జరిగేదవుతుంది. ఇది లోపమనుకోకు. ఏ ఊరి సభలోనైనా అవే ఉపన్యాసాలు వినే మనిషికి ఈ క్రియాకాలం సరిగ్గా సరిపోతుంది. బ్రూక్-రోజ్ వాక్యం మధ్యలో ఊరు మార్చేస్తుంది. నువ్వు అక్కడ మూడు చుక్కలు పెట్టావు. చుక్కలు పెట్టి, కామాలు పీకేసి ప్రయోగమనడం ఈ మధ్య జాడ్యం. తెలుగులో ఆ పనికి క్త్వార్థకాలు, అంటే 'తీసి', 'వేసి' లాంటి ముగియని క్రియలు, చాలు: "తలుపు తీసి, లైటు వేసి, ఫైలు మంచం మీద పడేసి, గ్లాసులోకి నీళ్లు వంపి, హెడ్‌ఫోన్ తగిలించుకుని." గది ఎక్కడ అయిపోయింది, సభ ఎక్కడ మొదలైంది? కర్త మాత్రం మారకూడదు, మారితే వాక్యం కుంటుతుంది. వాక్యం ముగించే సమాపక క్రియని ఎంత దూరం తోస్తే అంత మంచిది. ఒక్క ప్రమాదం: వాక్యం అసంపూర్ణమనుకుని చివర 'ఉంది' అతికించే సంపాదకులున్నారు. ప్రూఫు నువ్వే చూసుకో.

గమనిక కొట్టేశాను. బ్రూక్-రోజ్ అలాంటిదేమీ పెట్టలేదు. తన నిషేధాలను విమర్శకులు పట్టుకోలేదని 2002లో 'ఇన్విజిబుల్ ఆథర్' అనే వ్యాససంపుటిలో వాపోయింది, అదీ 'బిట్వీన్' వచ్చిన ముప్ఫై నాలుగేళ్లకి.

ప్రచురణ గురించి నువ్వడిగినవి తర్వాత చూద్దాం. రాతప్రతి తిరిగి పంపుతున్నాను. 'లేదు'ల కింద పెన్సిలు గీతలు పెట్టాను. 'తున్న'లు నువ్వే వెతుక్కో.