సమాధానం: విక్రయం కాగల మిగులు, విక్రయించిన మిగులు

"రెండూ ఒకటే కదా, మరి రెండోది మొదటిదానికంటే ఎక్కువ ఎలా అవుతుంది?" అని అడిగారు. టెన్షన్ పడకండి, పేర్లే తికమక పెట్టేలా ఉన్నాయి.

మొదటిది కాగితం మీద లెక్క. ఒక రైతుకు 50 క్వింటాళ్ల ధాన్యం పండిందనుకోండి. ఇంటి తిండికి 12, విత్తనానికి 3, పశువుల దాణాకు 2, కూలీలకు ధాన్యంగా ఇచ్చేది 3. ఈ 20 తీసేస్తే మిగిలే 30 క్వింటాళ్లే విక్రయం కాగల మిగులు.

రెండోది రైతు నిజంగా అమ్మింది. అసలు కథ ఇక్కడే ఉంది. కోత అవగానే అప్పువాళ్లు వచ్చి కూర్చుంటే చిన్న రైతు తిండిగింజల్లోంచి కూడా తీసి 36 క్వింటాళ్లు అమ్మేస్తాడు. కొన్ని నెలలకు అవే గింజలు మళ్లీ కొనుక్కుంటాడు, చాలాసార్లు ఎక్కువ ధరకే. అది మిగులు కాదు, అవసరం! నన్నడిగితే ఆ పేరే సరికాదు. నిల్వకు చోటు, చేతిలో కాస్త డబ్బు ఉన్న పెద్ద రైతు మాత్రం ధర పెరిగేదాకా ఆగి, అప్పటికి 22 మాత్రమే అమ్మవచ్చు.

పాలు, ఆకుకూరల్లాంటివి దాచిపెట్టలేరు కాబట్టి వాటిలో ఆపుకునే వీలు తక్కువ.

పరీక్షలో ఒట్టి నిర్వచనాలతో ఆపేయకండి. ఎక్కువ, తక్కువ, సమానం అని మూడు సందర్భాలూ రాసి, ఒక్కోదానికి కారణం ఒక వాక్యంలో చెప్పండి.