టెక్ సందేహాలు: ముఖం మసకబారితే మనిషి దాగినట్టేనా?

ప్రశ్న: ఇటుక బట్టీల్లో పనిచేసే వలస కూలీల మీద డాక్యుమెంటరీ తీస్తున్నాం. అడ్వాన్సు అప్పులో చిక్కుకున్న ఒక మహిళ, తన ముఖం కనిపించకూడదన్న షరతు మీద ఫోన్ కెమెరా ముందు మాట్లాడారు. బ్లర్ చేయడానికి మంచి ఉచిత యాప్ చెప్పండి.

జవాబు: యాప్ పేరు మాత్రమే అడిగే ఉత్తరాలు ఎక్కువైపోయాయి. ముందు ఆమె మాట ఆలోచించండి. బ్లర్ చేసిన ముఖాలను, గళ్లుగా మార్చిన ముఖాలను కంప్యూటర్ గుర్తుపట్టగలదని 2016లోనే అమెరికా పరిశోధకులు చూపించారు. దానికి ముందుగా కావలసింది ఎవరెవరు అయ్యుండొచ్చో తెలిపే ఫొటోల జాబితా. బట్టీ యజమాని దగ్గర కూలీల జాబితా ఉండనే ఉంటుంది! నిజానికి ఆయనకు కంప్యూటర్ కూడా అక్కర్లేదు. గొంతు, చేతి గాజులు, వెనకాల గోడ చాలు.

వీలుంటే మళ్లీ తీయండి. చేతులు మాత్రమే చూపండి, ఆమె మాటలను మరొకరి గొంతుతో చదివించండి. రష్యాలోని చెచెన్యాలో వేధింపులకు గురైన స్వలింగ సంపర్కుల మీద 2020లో వచ్చిన డాక్యుమెంటరీలో బాధితుల ముఖాల స్థానంలో స్వచ్ఛందంగా ముందుకొచ్చిన వారి ముఖాలను డిజిటల్‌గా అమర్చారు. కళ్లలో భయం ప్రేక్షకుడికి చేరింది, మనిషి ఎవరో తెలియలేదు. అంత ఖర్చు మీరు పెట్టలేకపోతే ముఖం మీద బ్లర్ బదులు దట్టమైన నల్లరంగు వేసి, కొత్త ఫైలుగా ఎక్స్‌పోర్ట్ చేయండి.

నన్ను ఎక్కువగా కలవరపెట్టేది మీ దగ్గరున్న అసలు ఫైలు. కెమెరా యాప్‌కు లొకేషన్ అనుమతి ఇచ్చి ఉంటే, ఆమె కూర్చున్న చోటి అక్షాంశ రేఖాంశాలు వీడియోలోనే నమోదవుతాయి. క్వాలిటీ తగ్గకూడదని ఎడిటర్‌కు వాట్సాప్‌లో డాక్యుమెంట్‌గా పంపిస్తే ఆ వివరాలూ చెక్కుచెదరకుండా వెళ్తాయి. ఇక ఆటో బ్యాకప్ ఆన్‌లో ఉంటే బ్లర్ లేని వీడియో మీకు తెలియకుండానే క్లౌడ్‌కు చేరిపోతుంది. ముఖాలను వర్గీకరించే గ్యాలరీ అయితే ఆమె కనిపించే వీడియోలన్నీ వెతికి ఒకచోట పేర్చి పెడుతుంది. మీ ఖాతా పాస్‌వర్డ్ ఇంట్లో ఎంతమందికి తెలుసు? షూటింగ్‌కు బయల్దేరే ముందే లొకేషన్ అనుమతి, ఆటో బ్యాకప్ రెండూ ఆపేయాలి.

కెమెరా కంపెనీల మీద నా కోపం పాతదే. మెమరీ కార్డులో ఉన్నదానికి ఎన్‌క్రిప్షన్ (పాస్‌వర్డ్ లేనివాళ్లు తెరిచి చూడలేని తాళం) కల్పించమని 2016 డిసెంబరులో 150 మందికి పైగా డాక్యుమెంటరీ దర్శకులు, ఫొటో జర్నలిస్టులు బహిరంగ లేఖ రాశారు. చవక ఫోనుకు కూడా ఉన్న తాళం లక్షలు పోసి కొన్న కెమెరాల్లో చాలావాటికి నేటికీ లేదు. ఏటా రిజల్యూషన్ మాత్రం పెంచుతూనే ఉన్నారు. కార్డు లాక్కున్నవాడు లాప్‌టాప్‌లో పెడితే చాలు, సాక్షులందరూ కనిపిస్తారు. పైపైన చెరిపే క్విక్ ఫార్మాట్ చేసినా ఉచిత రికవరీ సాఫ్ట్‌వేర్‌తో ఫైళ్లు తిరిగొస్తాయి. కాబట్టి షూటింగ్ అయిన సాయంత్రమే ఎన్‌క్రిప్ట్ చేసిన డ్రైవ్‌లోకి ఎక్కించి, కార్డును పూర్తిగా ఫార్మాట్ చేయండి. ఆ డ్రైవ్‌ను షూటింగ్ సంచిలో పెట్టుకుని బట్టీ దగ్గరికి తీసుకెళ్లకండి.