ఏ పద్దు, ఎవరి చేయి

మైలాపూర్, చెన్నై

అమ్మాయీ,

బ్రిటన్ సంక్షేమ వ్యవస్థకు నమూనా గీసిన ఆర్థికవేత్త బెవరిడ్జ్ మీద నువ్వు పంపిన వ్యాసం చదివాను. భాష శుభ్రంగా ఉంది. మూడో పేజీలో "పేదల కన్నీళ్లు ఆ మహానుభావుడి గుండెను కరిగించాయి" అన్నచోట మాత్రం కాగితాలు పక్కన పడేసి కాఫీ కలుపుకోవడానికి లేచాను.

ఏ కన్నీళ్లమ్మా? 1941లో బీమా పథకాల చిక్కుముడి విప్పే కమిటీ ఆయనకు అప్పజెప్పినప్పుడు నీళ్లు తిరిగింది ఆయన కళ్లలోనే అంటారు, అదీ ఉక్రోషంతో. యుద్ధకాలపు కార్మికబలం మొత్తం తన చేతికి రావాలని ఆయన ఆశ. కార్మిక మంత్రి బెవిన్‌కేమో ఈయన పొడ గిట్టదు. వదిలించుకోవడానికి ఈ పని అంటగట్టారు. 1942 డిసెంబరులో వచ్చిన నివేదిక అందులోంచి పుట్టిందే. మిగతావాళ్లు సర్కారు ఉద్యోగులు కనక సంతకం ఆయనొక్కడే పెట్టాడు. ఇంత కథ చేతిలో ఉండగా గుండె కరిగించడమెందుకు?

సంక్షేమం మీద రాసేవాళ్లు ముందు తేల్చుకోవాల్సింది, డబ్బు ఏ పద్దులోంచి వచ్చింది, ఎవరి చేతికి చేరింది అని. లేమి, జబ్బు, అజ్ఞానం, మురికి, పనిలేమి అంటూ ఆయన చెప్పిన ఐదు భూతాలకు రెండు పేజీలిచ్చి, పిల్లలున్న కుటుంబాలకు సర్కారు ఇచ్చే పిల్లల భత్యాన్ని ఒక్క వాక్యంలో దాటేశావు. అసలు గొడవంతా అక్కడే ఉంది. 1945లో బిల్లు వచ్చినప్పుడు ఆ డబ్బు తండ్రికి ఇవ్వాలని రాశారు. ఎలినార్ రాత్‌బోన్ అనే ఎంపీ పట్టుబట్టి తల్లి చేతికి మళ్లించింది. రెండో బిడ్డ నుంచి వారానికి 5 షిల్లింగులు. 2023లో ఇక్కడ తమిళనాడులో ఆడవాళ్ల ఖాతాల్లో నెలనెలా వెయ్యి రూపాయలు వేసే పథకం మొదలవడం చూసి కూడా నీకది తట్టలేదా?

నువ్వుండే టి.నగర్ పేరులోని త్యాగరాయ చెట్టిగారి సంగతే చూడు. 1920లో ఆయన మద్రాసు కార్పొరేషన్ అధ్యక్షుడిగా ఉన్నప్పుడు థౌజండ్ లైట్స్ బడిలో మధ్యాహ్న భోజనం మొదలైంది, పిల్లవాడికి రోజుకు అణా మించకుండా. 1925లో ఆగిపోయింది. పిల్లల ఆకలి తీరిపోయి కాదు, ప్రాథమిక విద్యా నిధిలోంచి ఆ ఖర్చు రాయకూడదని పైవాళ్లు అడ్డుపడ్డారు. పద్దు పోయింది, అన్నం పోయింది.

1982లో ముఖ్యమంత్రి ఎం.జి.ఆర్. పిల్లలకు పోషకాహార భోజనం పెట్టే సత్తుణవు పథకం మొదలుపెట్టినప్పుడు నేనొక తెలుగు వారపత్రికకు రాస్తుండేవాణ్ణి. వంటామె పక్కన కూర్చుని బియ్యం ఎంత, పప్పు ఎంత, కట్టెల డబ్బు ఎవరిస్తారు అని రాసుకొచ్చాను. సంపాదకుడు లెక్కలన్నీ కొట్టేసి, నవ్వుతున్న పిల్లవాడి ఫోటో వేశాడు. పాఠకులకు అంకెలు రుచించవట! వాళ్ల ఇంటి సరుకుల చీటీ ఎప్పుడైనా చూశాడో లేదో. పారితోషికం మాత్రం అంకెల్లోనే ఇవ్వాలి, అదీ ఇవ్వలేదు. ఇప్పుడు రాసేవాళ్లు మరీను. ఆర్థికవేత్త జీవితమంటే చిన్ననాటి కష్టం, పెద్దయ్యాక బిరుదు, మధ్యలో స్ఫూర్తి. ఆయన చేసిన పనేదీ?

ఏ పత్రికకు పంపాలి, పుస్తకంగా వేస్తే అమ్ముడవుతుందా అని అడిగావు. అవి తర్వాత. పిల్లల భత్యం భాగాన్ని నాలుగు పేజీలు చేసి పట్టుకురా. ఆదివారం సాయంత్రం ఇంట్లోనే ఉంటాను, బయల్దేరేముందు ఫోన్ చెయ్యి.